నవ్వు షాట్

నాకు అసహ్యాలు ఎక్కువ. హోటల్లో గ్లాసు అంచు తుడవకుండా నీళ్ళు తాగను. సబ్బుకి ఎవరిదైనా వెంట్రుక అంటుకుని ఉంటే ఆ పూటకి స్నానం మానేస్తాను. చిన్నప్పుడు పక్కింటివాళ్ళు పంపిన పాయసంలో చీమ కనబడిందని ఏడాదిపాటు వాళ్ళ గుమ్మం తొక్కలేదట. మా అమ్మ ఇప్పటికీ ఆ సంగతి అందరికీ చెప్పి నన్ను ఏడిపిస్తుంది. ఇలాంటి మనిషి సినిమాల్లో పనిచెయ్యకూడదు. దెయ్యం సినిమాల్లో అయితే అసలు చెయ్యకూడదు.

అయినా చేస్తున్నాను. అసిస్టెంట్ డైరెక్టర్ని. నా వంతు కంటిన్యుటీ. అంటే సోమవారం తీసిన షాట్లో నాయనమ్మ బొట్టు ఎంత ఉందో గురువారం తీసే షాట్లోనూ అంతే ఉండాలి. విస్తట్లో ఆవడ ఎటువైపు కొరికి ఉందో, గ్లాసులో నీళ్ళు ఎంతవరకు ఉన్నాయో అన్నీ ఫోటో తీసి రాసి పెట్టుకోవాలి. ఎంగిలి విస్తళ్ళ మీదికి వంగి చూసే ఉద్యోగం వెతుక్కుంటూ వచ్చి నాకే దొరికింది.

మా సినిమా మొదటి భాగం మూడేళ్ళ కిందట భవానీపురంలో, కృష్ణ ఒడ్డుకి దగ్గర్లో ఉన్న ఒక పాత డాబాలో తీశాం. పేరున్నవాళ్ళు ఎవరూ లేని చిన్న సినిమా. తెల్లారితే పిల్ల పెళ్ళి అనగా ఆ ఇంట్లో నాయనమ్మ పోతుంది. మైల వస్తే పెళ్ళి ఆగిపోతుందని ఇంటిల్లిపాదీ కూడబలుక్కుంటారు. ముసలావిడకి జ్వరమని చుట్టాలకి చెప్పి, శవాన్ని వెనక గదిలో దాచి, పెళ్ళి కానిచ్చేస్తారు. ఇక ఆవిడ ఆ కుటుంబాన్ని వదలదు. ఎవరు భోజనానికి కూర్చున్నా పక్కన ఇంకో విస్తరి వేసి ఉంటుంది. జనానికి తెగ నచ్చింది. అందుకే రెండో భాగం మొదలుపెట్టారు.

మొదటి భాగంలో నాయనమ్మగా వేసింది తెరేసమ్మ గారు. వన్ టౌన్‌లో ఉండేవారు. డెబ్బై దాటాయి. చర్చి నాటికల్లో వేసీ వేసీ పెద్దతనంలో సినిమాలకొచ్చారు. ఆడపిల్ల కనబడితే అమ్మాయ్, మగపిల్లాడైతే అబ్బాయ్, అంతే, ఎవరి పేరూ గుర్తుపెట్టుకునేవారు కాదు. మంచి మనిషి. కానీ ఆవిడ దగ్గర ఒక వాసన ఉండేది. నొప్పుల మందూ, తమలపాకూ, సరిగ్గా ఆరని బట్టా కలిసిన వాసన. మాట్లాడుతుంటే పెదాల మూలల్లో తెల్లగా తడి చేరేది. ఆవిడ నాతో మాట్లాడినప్పుడల్లా నేను నుదురు వైపు చూసేదాన్ని.

సినిమావాళ్ళకి ఒక పద్ధతి ఉంది. ఎవరైనా శవంగా పడుకుంటే, షాట్ అయ్యాక కెమెరా ఆపకుండా వాళ్ళని లేపి నవ్వించాలి. పాత్ర పేరుతో పిలవకూడదు, సొంత పేరుతో పిలవాలి. వాళ్ళు లేచి కూర్చుని కెమెరాలోకి చూసి ఒక్కసారి నవ్వితే ఆ చావు అక్కడితో చెల్లిపోతుంది. మేం దాన్ని నవ్వు షాట్ అంటాం. ఆ ముక్క సినిమాలో ఉండదు, బయటివాళ్ళెవరూ చూడరు. కానీ అది పడందే ప్యాకప్ చెప్పరు.

తెరేసమ్మ గారు శవంగా పడుకున్న రోజు పెద్ద వాన. హాల్లోకి నీళ్ళొస్తున్నాయని అందరూ హడావుడిగా సామాను ఎత్తుతున్నారు. పెద్ద కెమెరా అప్పటికే పెట్టెలోకి వెళ్ళిపోయింది. "నీ ఫోన్లో తీసెయ్ సుస్మితా, అదే చాలు," అన్నాడు కెమెరామన్ చక్రి. నేను వెనక గదిలోకి వెళ్ళాను. ఆవిడ చాప మీద అలాగే నిద్రపోయి ఉన్నారు. దవడకి కట్టిన తెల్లగుడ్డ మీదికి చొంగ కారి ఉంది. ముక్కులో పెట్టిన దూది జలుబుకి తడిసి పచ్చగా తిరిగింది. ఊపిరి వదిలినప్పుడల్లా ఒక కొస బయటికి వచ్చి ఊగుతోంది. లేపితే ఆ దూది నేనే తియ్యాలి, ఆ కట్టు నేనే విప్పాలి.

నా వల్ల కాలేదు. బయటికి వచ్చేశాను.

"నవ్వు షాట్ అయిందా?" అని అడిగాడు డైరెక్టర్ సిద్ధార్థ.

"అయింది సార్," అన్నాను.

కాసేపటికి మేకప్ బసవపున్నయ్య గారు ఆవిణ్ణి లేపి, మొహం తుడిచి ఆటో ఎక్కించారు. పద్దెనిమిది రోజులకి ఆవిడ పోయారు. నిద్రలోనే. అందరూ వయసు అన్నారు. నేనూ వయసే అన్నాను, సంతాపం పోస్టు కూడా నేనే రాశాను. నా మీద నాకే అసహ్యం వేసింది గానీ, నిజం మాత్రం ఎవరికీ చెప్పలేదు.

రెండో భాగంలో ఆ పెళ్ళి ముందటి రాత్రి చూపించాలి. వెనక గదిలో శవం పక్కనే బంతి వేసుకుని ఇంటివాళ్ళు విందు తినే సీను. తెరేసమ్మ గారి పోలికలున్న మనిషి కోసం పదిహేను మందిని చూశారు, ఒక్కరూ కుదరలేదు. ఒక మధ్యాహ్నం మా అమ్మ నాకు క్యారియర్ పట్టుకుని ఆఫీసుకొచ్చింది. మా అమ్మ పేరు శివపార్వతి. నాన్న పోయినప్పటి నుంచి ఇంట్లో మేమిద్దరమే. సిద్ధార్థ ఆవిడ ముక్కు చూశాడు, గడ్డం చూశాడు, కుర్చీలోంచి లేచాడు.

"ఆంటీ, మీరోసారి కళ్ళు మూసుకుని పడుకోగలరా?"

అమ్మ సంబరం చూడాలి. ఆ సాయంత్రమే గన్నవరంలో ఉన్న మా మేనమామకి ఫోన్ చేసి చెప్పేసింది. "డైలాగుల్లేవట, పడుకోవడమేనట, నాకు చేతనైన పనే ఇచ్చారు," అని నవ్వింది. నేను వద్దన్నాను. ఎందుకు వద్దో చెప్పాలంటే తెరేసమ్మ గారి సంగతి చెప్పాలి. చెప్పలేక నసిగాను.

"నేను తెరమీద కనబడితే నీకు నామోషీనా సుస్మీ?" అని అడిగింది.

ఆ మాటతో ఒప్పుకున్నాను. ఈసారి నవ్వు షాట్ నేనే దగ్గరుండి తీయిస్తానని నాకు నేను ఒట్టు పెట్టుకున్నాను. అమ్మ తప్ప నాకెవరూ లేరు. ఆ ఒక్కటీ సరిగ్గా పడితే చాలు.

మే నెల. మధ్యాహ్నం ఒంటిగంట. బయట రోడ్డు మీద తారు కరుగుతోంది, లోపల మేం రాత్రి చేశాం. కిటికీలన్నిటికీ నల్లగుడ్డలు కొట్టేశారు. తలుపు సందుల్లో కూడా గుడ్డలు కుక్కారు. మాటలు రికార్డవుతాయి కాబట్టి ఫ్యాన్లు లేవు. గదిలో ఒక దీపం, దానికి తోడు మా లైట్లు. చెమట జాకెట్లలోంచి, చొక్కాల్లోంచి కారి నేల మీద పడుతోంది.

విందు సీను ముందురోజు నుంచి సాగుతోంది. కంటిన్యుటీ కోసం అవే విస్తళ్ళు, అవే పదార్థాలు. పనసపొట్టు కూర నల్లబడింది. బూరెలు చెమర్చాయి. ఆవడల గిన్నెలో పెరుగు పులిసి నురగ కడుతోంది, మధ్యమధ్యలో ఒక బుడగ పైకొచ్చి చప్పుడు లేకుండా పగులుతోంది. ఎవరూ తినకుండా ఆర్ట్ డిపార్ట్‌మెంట్‌వాళ్ళు వాటిమీద కిరసనాయిలు చిలకరించారు. నటులకి మాత్రం షాట్‌షాట్‌కీ తాజాగా నాలుగు ముద్దలు పెడుతున్నారు. ఆ వాసనలో వాళ్ళు ముద్ద ఎలా మింగుతున్నారో నాకర్థం కాలేదు. నేను చున్నీ ముక్కుకి అడ్డం పెట్టుకుని ఫోటోలు తీసుకున్నాను.

అమ్మని చాపమీద పడుకోబెట్టారు. కాళ్ళ బొటనవేళ్ళు కలిపి కట్టారు. బసవపున్నయ్య గారు దవడకి గుడ్డ కట్టి, ముక్కులో శనగగింజలంత దూది ఉండలు రెండు పెట్టారు. నేను దగ్గరుండి చూశాను. చిన్న ఉండలు, రెండే. "నోటితో గాలి తీసుకోమ్మా," అని చెప్పారు. అమ్మ నాకు కన్నుకొట్టి, కళ్ళు మూసుకుంది.

నాలుగు టేకులు అయ్యాయి. మూడో టేకులో ఈగలు వచ్చాయి. అన్ని కిటికీలూ మూసిన గదిలోకి ఎలా వచ్చాయో తెలీదు. అన్నం మీద ఒక్కటీ వాలలేదు, కిరసనాయిలు కదా. అన్నీ అమ్మ మొహం మీదే వాలాయి. కనురెప్పల అంచుల్లో, పెదాల మధ్య. ఒకటి దూది పక్కనుంచి ముక్కులోకి వెళ్ళి, కాసేపటికి బయటికొచ్చింది. అమ్మ కదల్లేదు. మానిటర్ దగ్గర సిద్ధార్థ మురిసిపోతున్నాడు.

అమ్మకి ఈగ అంటే గిట్టదు. ఒక్కటి వాలినా చీపురు పట్టుకుని ఇల్లంతా తిరుగుతుంది.

"కట్," అని పక్కగదిలోంచి వినిపించింది. "చక్రీ, ఆపకు. నవ్వు షాట్ కూడా తీసెయ్."

విస్తళ్ళ ముందున్నవాళ్ళు గాలి కోసం బయటికి పరిగెత్తారు. గదిలో నేను, అమ్మ, కెమెరా వెనక చక్రి. నేను వెళ్ళి చాప పక్కన మోకాళ్ళ మీద కూర్చున్నాను.

"అమ్మా, అయిపోయింది. లే."

లేవలేదు.

"అమ్మా…"

సొంత పేరుతో పిలవాలి. తెలుసు. కానీ కన్నతల్లిని పేరు పెట్టి ఎలా పిలుస్తాం? ముప్ఫై నాలుగేళ్ళలో ఒక్కసారి కూడా ఆ పేరు నా నోటితో అనలేదు. ఫారాల మీద రాశాను గానీ, మొహం చూసి పిలవలేదు. పిలవడానికి నోరు తెరిచాను. నాలుక తిరగలేదు.

అప్పుడు వాసన వచ్చింది. పులిసిన పెరుగుది కాదు, కిరసనాయిలుది కాదు. నొప్పుల మందు… తమలపాకు… ఆరని బట్ట.

దూది ఊగింది.

పచ్చగా తిరిగి ఉంది. ఇందాక తెల్లగా ఉన్న దూది. కొస పట్టుకుని లాగాను. వచ్చింది. ఇంకా వచ్చింది… తడిగా, జిగురుగా, గోరువెచ్చగా, లంగా నడుంపట్టీలోంచి బొందు లాగినట్టు వస్తూనే ఉంది. నా వేళ్ళకి చుట్టుకుంది. మణికట్టు దాటింది. మధ్యలో ఒక మెతుకు అంటుకుని ఉంది. నా గొంతులోకి పుల్లగా ఎగదన్నింది. మింగేశాను. వదిలెయ్యబుద్ధి వేసింది. వదిలితే ఏమవుతుందో నాకు తెలుసు కాబట్టి వదల్లేదు.

చివరి కొస పుటుక్కున వచ్చేసింది. పెదాలు కదల్లేదు. కట్టు వెనక నుంచి, లోపల ఎక్కడి నుంచో, గుసగుసగా వినిపించింది.

"ఆ రోజు లేపలేదేం… అమ్మాయ్?"

మా అమ్మ నన్ను అమ్మాయ్ అని ఎప్పుడూ పిలవలేదు.

"తప్పయిపోయింది," అన్నాను. నా గొంతు నాకే వినబడలేదు.

"అసహ్యం వేసిందా…"

అబద్ధం చెప్పలేకపోయాను. తలూపాను.

"కట్టు విప్పు."

విప్పాను. దవడ ఒక్కసారిగా కిందికి జారింది. నోటినిండా అన్నం ఉంది. నమిలి మింగని అన్నం, విరిగిన పెరుగు, నల్లబడిన పనసపొట్టు. బుగ్గల నిండా కుక్కి ఉంది. అమ్మకి వాళ్ళు పొద్దుటినుంచి మంచినీళ్ళు తప్ప ఏమీ పెట్టలేదు.

"తియ్యి."

వేళ్ళు లోపల పెట్టాను. గ్లాసు అంచు తుడిచే వేళ్ళు. మెత్తగా, జారుడుగా తగిలింది. పిడికెడు తీసి నేలమీద వేశాను. మళ్ళీ పెట్టాను. నాలుక కింద… చిగుళ్ళ పక్కన… పళ్ళ వెనక. ఒక ఈగ, రెక్కలు తడిసి, అన్నంతో పాటు వచ్చింది. ఇంకా కదులుతోంది. నా కళ్ళలోంచి నీళ్ళు కారుతున్నాయి, ముక్కు కారుతోంది, తుడుచుకోవడానికి శుభ్రమైన చెయ్యి లేదు.

"ఇంకా ఉంది…"

తీశాను. అంతా తీశాను. నోరు ఖాళీ అయింది. చున్నీతో పెదాలు తుడిచాను. మూలల్లో చేరిన తెల్లటి తడి కూడా తుడిచాను. ఇన్నేళ్ళలో మొదటిసారి నేను చూపు తిప్పుకోలేదు.

"ఇప్పుడు పిలువు."

ఆ క్షణంలో నాకు ఆవిడ తప్ప ఇంకెవరూ గుర్తులేరు. మూడేళ్ళ కిందట ఆ వానలో పిలవాల్సిన పిలుపు అది. గొంతులో అడ్డుపడి ఉన్నది ఒక్కసారిగా ఊడి వచ్చింది.

"తెరేసమ్మ గారూ… లేవండి. నవ్వండి."

కళ్ళు తెరుచుకున్నాయి. మెల్లగా లేచి కూర్చుంది. నన్ను దాటి కెమెరాలోకి చూసింది. నోరారా నవ్వింది, చప్పుడుతో, హాయిగా.

"వచ్చింది, బాగుంది," అన్నాడు చక్రి. కెమెరా ఆపాడు. ఎవరో తలుపు తీశారు. ఎండ వెలుగు కళ్ళలో గుచ్చుకుంది. నేను అమ్మని గట్టిగా కావలించుకున్నాను.

"బాగా చేశానా?" అని అడిగింది. అమ్మ గొంతే.

నేలమీద ఏమీ లేదు. చాప పక్కన శనగగింజలంత దూది ఉండలు రెండు పడి ఉన్నాయి, అంతే. నా చేతులు మాత్రం మోచేతుల దాకా తడిసి ఉన్నాయి. పెరట్లోకి వెళ్ళి వాంతి చేసుకున్నాను. సబ్బుతో ఎన్నిసార్లు కడిగానో తెలీదు.

ఇంటికి తీసుకొచ్చాను. దారిపొడుగునా కబుర్లు చెప్పింది. రాత్రి చారన్నం తిని పడుకుంది. నేను నిద్రపోకుండా ఆవిడ ఊపిరి చూస్తూ కూర్చున్నాను. ఊపిరి బాగానే ఉంది. పొద్దున లేచి పూజ చేసింది, మొక్కలకి నీళ్ళు పోసింది. నాకు ప్రాణం లేచొచ్చింది. తెరేసమ్మ గారికి ఇవ్వాల్సింది ఇచ్చేశాను, నా అమ్మ నాకు దక్కింది అనుకున్నాను. మూడేళ్ళ బరువు దిగి, పగలే కాసేపు కునుకు తీశాను.

మధ్యాహ్నం ఎడిటింగ్ రూమ్ నుంచి వినీల ఫోన్ చేసింది. నిన్న తీసిందంతా కంప్యూటర్లోకి ఎక్కించి చూడటం ఆ అమ్మాయి పని.

"అక్కా, నిన్న శవానికి డూప్‌ని పెట్టారా?"

"లేదే. ఎందుకు?"

"నవ్వు షాట్లో ఇద్దరున్నారు."

వినీల గొంతు తగ్గించింది.

"ఒకావిడ లేచి కూర్చుని నవ్వుతున్నారు. ఆవిడ వెనకాల చాపమీద ఇంకొకావిడ పడుకునే ఉన్నారు. అదే చీర, అదే జాకెట్టు. మొహాలు కూడా ఒక్కలాగే ఉన్నాయి. చక్రి అన్నని అడిగితే ఒక్కరే ఉన్నారంటాడు."

"సరిగ్గా చూడు వినీలా. లైటు నీడ పడిందేమో…"

"నీడ కాదక్కా. చివర్లో నువ్వు లేచినావిణ్ణి కావలించుకున్నావు చూడు, అప్పుడు పడుకున్నావిడ చెయ్యెత్తి నీ చున్నీ పట్టుకుని లాగారు. రెండుసార్లు. నువ్వు తిరిగి చూడలేదు. వీళ్ళిద్దరిలో మీ అమ్మగారు ఎవరక్కా?"

నేను పిలిచిన పేరు గుర్తొచ్చింది. పిలవని పేరు కూడా.

"ఆ గది…" అన్నాను. "ఆ గదిలో చాప ఉందా? ఎవరున్నారక్కడ?"

"పొద్దున్నే సామాను ఎత్తేసి తాళం వేశారు కదక్కా. మళ్ళీ షూటింగు శనివారమే."

ఇవాళ మంగళవారం.

"సుస్మీ," అని వంటింట్లోంచి వినిపించింది. "అన్నం కలిపాను, రా."

ఫోన్ పెట్టేశాను. బండి తాళం గోడకి ఉంది. అందుకోవాలంటే వంటింటి గుమ్మం ముందు నుంచే వెళ్ళాలి. కంచం పట్టుకుని ఆవిడ గుమ్మంలోకి వచ్చి నిలబడింది. ముద్ద చేసి నా నోటి దగ్గర పెట్టింది. నా మొహంలోకి, నా పెదాల వైపు, నా ముక్కుపుటాల వైపు పరీక్షగా చూస్తోంది.

"ఏం, తినవా?" అని మెల్లగా అడిగింది.

నోరు తెరిచాను. ముద్ద మీంచి ఆవిరి లేస్తోంది. నాలుక మీద పడితే మాత్రం చల్లగా, నేలలోంచి తీసినంత చల్లగా ఉంది. మొహం చిట్లించకుండా మింగాను. ఆవిడ ఇంకో ముద్ద కలుపుతోంది.